చివరి పేజీకి సీలు

చేతులున్న ప్రతి పిల్లా చేతులతోనే నేర్చుకోవాలని చేతిచదువు మిషన్ వారు నిండు సభలో తీర్మానించారు. అంతకుముందు పిల్లలు దేనితో నేర్చుకునేవారో సర్క్యులర్‌లో రాయలేదు.

ఆ తీర్మానం రాజధానిలో బయలుదేరి, జిల్లాలో ఒక శిక్షణ, మండలంలో రెండు శిక్షణలు (మొదటిదాంట్లో మైకు పనిచేయలేదు) దాటుకుని, జూన్ రెండో వారంలో పినపాక అవతల అడవంచున ఉన్న చింతవాగు తండాకు అట్టపెట్టె రూపంలో చేరింది. తండాలోని చిన్నపిల్లల కేంద్రంలో టీచరు సంగీత. డిగ్రీ చదివింది. సంతకం పెట్టేముందు కాగితం చదివే అలవాటు ఆమెకు ఇంకా పోలేదు. పెట్టె తెచ్చిన ఆటో అతను అందుకోసం పావుగంట ఆగాల్సి వచ్చింది.

పెట్టెలో ఒక బొమ్మల పుస్తకం, పద్నాలుగు కాగితం కప్పులు, పదిహేను బొబ్బర గింజల పొట్లం (ఒకటి అదనం), 'శుద్ధి చేసిన మట్టి' అని అచ్చేసిన సంచి ఉన్నాయి. ఆ మట్టి మూడు వందల కిలోమీటర్లు ప్రయాణం చేసి వచ్చింది. తండాలో మట్టి లేని చోటు ఒక్కటే, సంగీత రోజూ పొద్దున ఊడ్చే కేంద్రం గది. ఇప్పుడు ఆ లోటూ తీరింది.

బొమ్మల పుస్తకం పన్నెండు పేజీలు. దాన్ని ఎలా చూపించాలో చెప్పే మార్గదర్శిని ఎనభై నాలుగు పేజీలు (బొమ్మలు లేవు). కథ సులువైనదే. ఒక పిల్ల గింజను గుంతలో పడుకోబెట్టి, మట్టి దుప్పటి కప్పి, రోజూ నీళ్లు పోస్తూ అది లేస్తుందా లేదా అని చూస్తుంటుంది. పదకొండో పేజీలో మోకాళ్ల మీద వంగి నేలకు చెవి ఆనిస్తుంది. పన్నెండో పేజీకి ఎర్ర స్టిక్కరుతో సీలు వేసి ఉంది.

సీలు గురించి మార్గదర్శిని స్పష్టంగా ఉంది. పిల్లలు కప్పుల్లో గింజలు నాటాలి, ఏడో రోజు మొలకల ఫోటో యాప్‌లో పెట్టాలి, యాప్ మెచ్చి ఆకుపచ్చ టిక్కు ఇస్తే అప్పుడు మాత్రమే పన్నెండో పేజీ తెరవాలి. 'ఆశ్చర్యం బోధనలో అంతర్భాగము.' ఇంకో రూలు ప్రకారం పుస్తకాన్ని టీచరు ఒక్కతే పట్టుకోవాలి, పిల్లలకు నాలుగడుగుల దూరం నుంచి చూపాలి. చేతిచదువులో పుస్తకానికి చేతులు తగిలితే పుస్తకం పాడవుతుందని మిషన్ వారి ఆందోళన.

అన్నిటికన్నా చిన్న అక్షరాల్లో ఉన్న రూలు ఎనభై మూడో పేజీలో ఉంది. పద్నాలుగో రోజుకు టిక్కు రాని కేంద్రాన్ని 'నేర్పలేని కేంద్రం'గా గుర్తించి పక్క కేంద్రంలో కలిపేస్తారు. పక్క కేంద్రం మ్యాపులో ముప్పావు కిలోమీటరు. నడుమ వాగు మ్యాపులో సన్నటి నీలి గీత. జూలైలో ఆ గీత దాటడానికి పెద్దవాళ్లే తాడు పట్టుకుంటారు. నాలుగేళ్ల పిల్లలు ఏం పట్టుకోవాలో మ్యాపు వేసినవారు ఆలోచించి ఉంటారు.

సంగీత రూళ్లన్నీ పాటించింది. కప్పుల మీద పేర్లు రాసింది. పిల్లలు వేలితో గుంత చేసి గింజ పెట్టారు, సీసా మూతతో నీళ్లు పోశారు. రోజూ పదకొండో పేజీ దాకా చదివింది. రోజూ పద్నాలుగు తలలు ఎర్ర స్టిక్కరు వైపు తిరిగాయి.

"టీచర్, ఆడ ఏమున్నది?" అంది సోని మూడో రోజు. నాలుగున్నరేళ్లది, ప్రశ్న అడిగితే జవాబు వచ్చేదాకా కదలదు.

"మీ గింజలు లేచినంక చూద్దాం."

అయిదో రోజు సోని తన కప్పుకు చెవి ఆనించి చాలాసేపు కూర్చుంది.

"పొద్దెక్కింది లెవ్వు అని చెప్పిన టీచర్. లేస్తలేదు. జరమొచ్చినట్టున్నది."

ఏడో రోజు పద్నాలుగు కప్పుల్లోనూ శుద్ధి చేసిన మట్టి శుద్ధిగానే ఉంది. సంగీత ఉన్నదున్నట్టు ఫోటో తీసి పెట్టింది. యాప్ కాసేపు గిరగిరా తిరిగి తేల్చింది: 'మొలక కానరాలేదు. ఈ కేంద్రంలోని పిల్లల చేతులు ఆశించిన స్థాయిలో లేవు.'

పది నిమిషాల్లో ఫోన్ మోగింది. మండల మొలక పరిశీలకుడు కోటేష్. (పోయినేడు దాకా చేతులు కడిగే ఫోటోల పరిశీలకుడు. ఫోటోల్లో చేతులు శుభ్రంగా ఉండటంతో ఈ ఏడు పదోన్నతి.)

"ఏంది మేడం గిట్ల? మండలంల నలభై ఒక్క కేంద్రాలుంటే నలభైట్ల మొలిచినయ్. మీ కాడ్నే ఏమైంది?"

"నీళ్లు పోస్తున్నం సార్. నాటింది గూడ బుక్కుల చెప్పినట్టే."

"మరి పిల్లల్ని గట్టిగ చెయ్యమనుండ్రి."

"గింజను గట్టిగ ఎట్ల చేస్తరు సార్?"

"అది మార్గదర్శినిల ఉంటది మేడం. నాకైతే టిక్కు కావాలె."

మర్నాడు సోనిని దింపడానికి వచ్చిన నాయనమ్మ బాలి గడపలోనే ఆగిపోయింది. బాలికి మూడెకరాల మిరప, గట్టు మీద బొబ్బర. విత్తనం ఎవరమ్మినా, ఎంత మెరిసే సంచిలో తెచ్చినా, ఒకటి తీసి కొరికి చూడనిదే కొనదు. ఆ మండలంలో విత్తనాల దుకాణం వాళ్లు ఆమె పళ్లు ఊడే రోజు కోసం చూస్తున్నారు.

"ఏది బిడ్డా, ఆ గింజ నాకొకటియ్యి. ఈ పోరి రాత్రంతా దానికి జరమని ఒకటే లొల్లి."

సంగీత పొట్లంలో మిగిలిన ఒక్క గింజ తీసి ఇచ్చింది. బాలి వెనక పళ్ల మధ్య పెట్టుకుంది. కటుక్కుమంది. ఆమె నమిలి, రుచి చూసి, మొహమాటం లేకుండా మింగేసింది.

"దీనికి జరం గాదు బిడ్డా. దీన్ని వేయించిండ్రు."

"వేయించిండ్రా?"

"విత్తనపు గింజ పంటికి లొంగదు. ఇది పటపటలాడుతున్నది. జర ఉప్పు తక్కువైంది అంతే."

సంగీత ఆ రోజే మిషన్ సహాయ కేంద్రానికి రాసింది. తేదీ, పొట్లం నంబరు, బాలి సాక్ష్యం, అన్నీ వరుసగా. రెండు రోజుల్లో జవాబు వచ్చింది. మిషన్ జవాబిచ్చిందంటేనే విషయం ఎంత తీవ్రమైందో అర్థం చేసుకోవచ్చు.

జవాబులో మొదటి పేరా: పిల్లలు పొరపాటున గింజ మింగితే అది కడుపులో మొలకెత్తే ప్రమాదముందని శిశు భద్రతా ఉపసంఘం గుర్తించింది. (ఉపసంఘంలో ఇద్దరు డాక్టర్లున్నారు. ఒకరు చరిత్రలో, ఒకరు వాణిజ్యంలో.) అందువల్ల గింజలన్నిటినీ తగిన వేడి మీద భద్రపరిచారు. రెండో పేరా: 'గింజలు మొలకెత్తకుండా అన్ని జాగ్రత్తలూ తీసుకొనబడినవి. మొలకెత్తిన ఫోటోను గడువులోగా పంపగలరు.' మూడో పేరా మెమో: లబ్ధిదారు కుటుంబ సభ్యురాలు బోధనా సామగ్రిని భుజించినందుకు సంజాయిషీ ఇవ్వాలి.

మెమో ప్రింటు తీయించుకోవడానికి సంగీత పదకొండో రోజున టౌనుకు వెళ్లింది. బస్టాండు ఎదురుగా మొహసిన్ జిరాక్స్, ఆన్‌లైన్ సెంటర్. కౌంటరు మీద ఒక కాగితం కప్పు ఉంది. అందులో పచ్చగా, రెండాకులతో, ఎడమకు కొంచెం వాలి ఒక మొలక. కప్పు అంచు మీద చిన్న గాటు.

ఆ గాటును ఆమె ఎక్కడో చూసింది. మండలం టీచర్ల వాట్సాప్ గ్రూపు తెరిచింది. నలభై కేంద్రాల ఫోటోలు. నలభై జతల పసిచేతులు. ఒకే గాటు.

మొహసిన్ ఆమె చూపు పట్టేశాడు. "మీకు గూడ కావాల్నా మేడం? పిల్లల చేతుల ఫోటో మీరు తెచ్చుకోండి. మొలక నేను పెడ్త. జల్దీ అయిపోతది."

"ఇదెక్కడిది భాయ్?"

"అసలుదే మేడం, నకిలీది గాదు. మా అమ్మ చారుకు బొబ్బర్లు నానబెట్టింది. ఒకటి కింద పడ్డది, నేను మట్టిల పెట్టిన." కప్పుకు రెండు చుక్కల నీళ్లు పోశాడు. "మండలం మొత్తంల సక్కగ మొలిచింది ఇదొక్కటే. పాపం, దీనికి రెస్టు లేదు."

చిటికెలో అయ్యే పని. ఒక్క ఫోటో పెడితే కేంద్రం నిలుస్తుంది, వాగు మ్యాపులోనే ఉండిపోతుంది. ఆమె ఫోన్ చేతిలో పట్టుకుని నిలబడింది. అప్పుడు గుర్తొచ్చింది: టిక్కు వస్తే సోనికి సీలు తియ్యాలి. తీసి, నీ గింజ లేచింది అని చెప్పాలి. ఆ పిల్ల వెంటనే వెళ్లి కప్పులో చూస్తుంది.

"వద్దు భాయ్. మెమో ఒక్కటి తియ్యుండ్రి చాలు."

ఆమె అంత నిబ్బరంగా అనడానికి ఇంకో కారణం ఉంది. బాలి గింజ కొరికిన మర్నాడే కొంగుముడి విప్పింది. బూడిద కలిపి కుండలో దాచిన బొబ్బర విత్తనాలు, సరిగ్గా పద్నాలుగు. పిల్లలు కప్పుల్లో ఉన్న పరాయి మట్టిని గుమ్మరించి, బోరింగు పంపు పక్కన తడిమట్టి తవ్వి నింపారు. ఎవరూ చూపించలేదు. మార్గదర్శిని మాత్రం ఆ వేళ తలుపు కొట్టుకోకుండా అడ్డుపెట్టడానికి పనికొచ్చింది.

పదమూడో రోజు పొద్దున సంగీత తాళం తీసేసరికి పద్నాలుగు కప్పుల్లోనూ మొలకలు మెడలు వంచి నిలబడ్డాయి. కొన్ని ఇంకా గింజ తొక్కను టోపీలా పెట్టుకునే ఉన్నాయి.

"జరం తగ్గింది," అంది సోని.

సంగీత ఫోటోలు తీసి పెట్టింది. యాప్ తిరిగింది, తిరిగింది, ఆగింది. 'ఇది మొలక కాదు. ఆమోదిత మొలకతో సరిపోలలేదు.' కింద ఆమోదిత మొలక నమూనా బొమ్మ. రెండాకులు, ఎడమకు వాలు, అంచు మీద గాటు. నలభై కేంద్రాల నుంచి అదే వస్తే, మొలకంటే అలాగే ఉంటుందని యాప్ నేర్చుకుంది. మిషన్ మొత్తంలో చూసి నేర్చుకున్నది అదొక్కటే.

పద్నాలుగో రోజు కోటేష్ స్వయంగా బండి మీద వచ్చాడు. కప్పుల వరుస ముందు కూర్చున్నాడు. ఒక ఆకును వేలితో మెల్లగా తాకి చూశాడు. ఎంతైనా రైతు బిడ్డే.

"మొలకలు మంచిగనే ఉన్నయ్ మేడం. కాని ఆ నమూనా ఫోటో లెక్క లేవు."

"ఇవి నిజమైనవి సార్."

"అవ్, అదే ఇబ్బంది." ఫారం తీశాడు. "విత్తనం ఎవరిచ్చిండ్రు?"

"నేనిచ్చిన సారూ," అంది గడపలో బాలి. "కొరికి చూసే ఇచ్చిన."

"అనధికార విత్తనం," అని రాసుకున్నాడు. "మట్టి?"

"బోరింగు కాడిది."

"శుద్ధి చెయ్యని మట్టి. ఎవరు నాటిండ్రు?"

"పిల్లలే," అంది సంగీత. "వాళ్లంతట వాళ్లే."

కోటేష్ పెన్ను ఆగింది. "వాళ్లంతట వాళ్లు చేస్తే మనం నేర్పినట్టు లెక్కకు రాదు మేడం. ఆ గడి ఖాళీగ పెడ్త." గొంతు తగ్గించాడు. "ఆ జిరాక్సాయన కాడికి పోతే అయిపోతుండె గదా. ఇప్పుడు ఈ పిల్లల్ని వాగు దాటించాలె. నాకేమన్న సంబురమా?"

"మరి రాయకుండ్రి సార్."

"నేను రాయకుంటె యాప్ రాస్తది."

గడువు ముగిసింది కనుక మిషన్‌కు వాపసు తీసుకోవడానికి పుస్తకాన్ని బల్ల మీద పెట్టి అతను సామగ్రి పరిస్థితి గడులు నింపుతున్నాడు. సోని అప్పుడే నీళ్లు పోసి వచ్చింది. నాలుగడుగుల దూరం మూడయింది, రెండయింది. స్టిక్కరు చప్పుడు చేసుకుంటూ ఊడింది.

పన్నెండో పేజీ తెల్లగా ఉంది. బొమ్మ లేదు. అడుగున ఒక్క వరుస. సంగీత పైకి చదివింది.

"నీ గింజ ఏమైంది? ఇక్కడ నీ చేత్తో గీయి."

కోటేష్ కుర్చీలోంచి లేచి వచ్చి చూశాడు.

"నలభై పుస్తకాలు వాపసు తీసుకున్న," అన్నాడు నెమ్మదిగా. "అందరికీ టిక్కు వచ్చింది. ఒక్కల్లు గూడ సీలు తియ్యలే."

సోని వేళ్లకు బోరింగు మట్టి తడిగా ఉంది. ఆమె పేజీ మీద కింద నుంచి పైకి ఒక వంకర గీత లాగింది. పైన అటొకటి, ఇటొకటి బొటనవేలు అద్దింది. టోపీ మర్చిపోయానని గుర్తొచ్చి దాన్నీ పెట్టింది. ఆపాలని సంగీతకు తెలుసు. రూలు నంబరూ తెలుసు. ఆమె ఎదురుగా నిలబడి, పేజీ కదలకుండా పట్టుకుంది.

"కుడి దిక్కు ఆకు జర పెద్దగైంది," అంది బాలి.

కోటేష్ రూలు ప్రకారం ఆ పేజీ ఫోటో తీశాడు. యాప్ దాన్ని ఒక్క క్షణంలో తీసుకుంది.

ఉత్తర్వు నెల తర్వాత వచ్చింది. అప్పటికి కంచె వారన నాటిన పద్నాలుగు మొలకలూ తీగలై కేంద్రం కంచె మీదికి పాకుతున్నాయి, వాగు నిండుగా పోతోంది. సంగీత ఎప్పటిలాగే సంతకానికి ముందు చదివింది. చింతవాగు తండా కేంద్రాన్ని వాగవతలి కేంద్రంలో కలిపారు. పిల్లలు సోమవారం నుంచి అక్కడ హాజరు కావాలి. మండలంలోని తక్కిన నలభై పుస్తకాలు కొత్తవాటిలా ఉన్నందుకు ఆయా టీచర్లకు ప్రశంసాపత్రాలు. కింద, కారణం అనే గడిలో, ఒకే వాక్యం టైపు చేసి ఉంది:

'ఈ కేంద్రంలో పుస్తకానికి పిల్ల చేయి తగిలినట్టు ఫోటోతో సహా రుజువైనది.'