చాందిని కొట్టంలో కన్నం

"నా కంట పడని నేరం ఇంకా పుట్టలేదు! పుట్టినా, నన్ను చూసి భయంతో లొంగిపోతుంది!" అని కామారెడ్డి బస్టాండులో చెరుకు రసం తాగుతూ ప్రకటించాడు డిటెక్టివ్‌నని చెప్పుకు తిరిగే మా కృష్ణమోహన్. మేమెక్కాల్సిన ఎల్లారెడ్డి బస్సు సరిగ్గా అప్పుడే వాడి వెనక నుంచి వెళ్లిపోయింది. ఇలాంటి స్నేహితుడు పగవాడికి కూడా వద్దు.

ఎల్లారెడ్డిలో మమ్మల్ని పిలిపించిన హనుమాండ్లుకు చాందిని అనే తెల్ల గుర్రం ఉంది. చుట్టుపక్కల పెళ్లిళ్ల బరాత్‌లకూ అదే దిక్కు, ఆ ఇంటి పొయ్యికీ అదే దిక్కు. వారం నుంచి, మధ్యాహ్నం అందరూ కునుకు తీసే వేళ, దాని కొట్టం మట్టిగోడకు ఎవరో కన్నం వేస్తున్నారు.

"గుర్రాన్ని ఎత్తుకపోతరు సారూ," అని కళ్లు తుడుచుకున్నాడు హనుమాండ్లు. "పోగొట్టుకునుడు కంటె అమ్ముకునుడు నయం. రేపు జుక్కల్ దిక్కుకెళ్లి బేరగాడు వస్తున్నడు. పదేండ్ల సంది నా చేతుల పెరిగింది, ఎట్ల ఇయ్యాలె?"

కృష్ణమోహన్ భూతద్దం తీశాడు.

"గోడ తడిగా ఉంది సతీశ్! నీళ్లు చల్లి, మెత్తని పనిముట్టుతో గోకారు. ఇది అంతర్రాష్ట్ర ముఠా!"

"కన్నం లోపలి నుంచి పడింది కదరా?"

"అదే వాళ్ల తెలివి."

హనుమాండ్లు భార్య లింగవ్వ అన్నం పెట్టింది. పప్పు చప్పిడి. పచ్చిపులుసూ చప్పిడే. 'విషప్రయోగమా?' అని డైరీలో రాసుకుని, రెండోసారి వడ్డించుకున్నాడు మావాడు. "ఇది ఈ ఇంటి ఉప్పు తిన్నవాడి పనే," అని తేల్చాడు కూడా.

మిట్టమధ్యాహ్నం గొంగడి కప్పుకుని కొట్టంలోని గడ్డికుప్పలో దూరాడు. చెమటలు కారుతున్న బట్టతల ఒక్కటే బయటికి కనిపిస్తోంది. నన్ను తలుపు దగ్గర కాపలా పెట్టాడు. కాసేపటికి లోపల్నుంచి కేక: "సతీశ్! చంపేస్తున్నార్రా!"

హనుమాండ్లు, లింగవ్వ కర్రలతో ఉరికొచ్చారు. చాందిని తీరిగ్గా కృష్ణమోహన్ బట్టతల నాకుతోంది. అక్కడ చెమట అయిపోగానే గోడ వైపు తిరిగి, కన్నంలో నాలుక పెట్టింది.

హనుమాండ్లు చేతిలోంచి కర్ర జారిపోయింది. "ఉప్పు కోసం గోడ నాకుతున్నది! ఏమే, దాని ఉలవలల్ల ఉప్పు ఎయ్యట్లేదా?"

"ఏడికెళ్లి ఎయ్యాలె? నీకు బీపీ ఉన్నది, ఉప్పు బంద్ జెయ్యమన్నడు గద డాక్టరు. ఇంట్ల అందరికి బంద్ జేసిన. అదొక్కటి ఇంట్ల మనిషి కాదా?"

హనుమాండ్లు గుర్రం మెడ కావలించుకుని ఏడుస్తూనే నవ్వాడు. బేరగాడికి ఫోన్ చేసి రావద్దన్నాడు. లింగవ్వ గిన్నెడు దొడ్డుప్పు తెచ్చి తొట్టి పక్కన పెట్టింది.

"చెమటను ఎరగా వేశాను," అన్నాడు కృష్ణమోహన్ తల తుడుచుకుంటూ. "ఇక ఈ ఇంట్లో దొంగతనమన్నది జరగదు."

బస్సుకు బయల్దేరుతూ వెనక్కి చూశాను. లింగవ్వ అటు తిరగ్గానే, హనుమాండ్లు అన్నం పళ్లెం పట్టుకుని మెల్లగా కొట్టంలోకి, చాందిని ఉప్పు గిన్నె వైపు పోతున్నాడు. నేను కృష్ణమోహన్‌కు చెప్పలేదు.