కచేరీలో కోడి కూత

బిట్రగుంట రైల్వే కాలనీలో రేడియోలు బాగుచేసే అమీర్ బాషా ఆ ఆదివారం ఒకే ఒక్క పని పెట్టుకున్నాడు. కిందటి వారం ఇన్‌స్టిట్యూట్ హాల్లో కాలనీ కుర్రాళ్ళ రాక్ బ్యాండు సాయంత్రం కచేరీ చేస్తే దాన్ని టేపు చేశాడు. అది వినడానికి రికార్డులు సేకరించే నెల్లూరు ఆనందబాబు పొద్దుటి బండికి వస్తున్నాడు. స్టూడియో పాటలు ఆయన దగ్గర బీరువా నిండా ఉన్నాయి. జనం ఎదుట వాయించింది ఒక్కటీ లేదు. తన టేపు ఆ బీరువాలో చేరితే చాలనుకున్నాడు బాషా.

ముందుగా ఒకసారి విందామని మిషను తిప్పాడు. గిటారు మంచి ఊపులో ఉండగా, ఆ రోజు మైకు పక్కన కూర్చుని పొరుగావిడతో మాట్లాడిన భార్య దిల్షాద్ గొంతు ఖంగుమంది.

"పులుసులో మామిడికాయ ఎయ్యాల ఆదిశేషమ్మక్కా! ఈ పిలగాళ్ళేంది, కడుపునొప్పి వచ్చినట్టు అట్టా ఎగరతా ఉండారు?"

బాషాకు తల కొట్టేసినట్టయింది. మిగతాది వినకుండానే కత్తెర తీసి అక్కణ్ణించి రెండు బారల ముక్క కోసి పారేసి, కొసలు అతికించాడు. పాట కుంటింది. ఆ అతుకు మీద చప్పట్లు రికార్డు చేద్దామని ఇరుగుపొరుగును పిలిచి కొట్టించాడు. చప్పట్లు విని వీధంతా వచ్చింది. ఎవరో పెద్దమనిషి వస్తున్నాడనుకుని పూలదండ కూడా వచ్చింది. అప్పుడే గుమ్మం ఎక్కిన ఆనందబాబు మెడలో అది పడింది.

ఆయన దండతోనే కూర్చుని టేపు విన్నాడు. కనుబొమలు ముడిపడ్డాయి.

"బాషా భాయ్, సాయంత్రం కచేరీలో కోడెందుకు కూసినట్టు?"

చప్పట్లతో పాటు పొద్దుటి కోడి కూత కూడా టేపెక్కిందని బాషా జరిగింది చెప్పేశాడు.

"కోసిన ముక్క ఏదీ?"

"అదా? పొట్లకాయ వంకర పోకుండా దాంతో రాయి కట్టినా," అంది దిల్షాద్.

ఆనందబాబు స్వయంగా స్టూలెక్కి పందిట్లోంచి దాన్ని విప్పుకొచ్చాడు. చప్పట్లు తీసేసి ఆ ముక్క అతికించారు. పులుసు మాట వినబడింది, హాలంతా ఘొల్లుమంది, పాడేవాడు చరణం మరిచిపోయి పకపకా నవ్వేశాడు.

"ఇదీ నేను వెతికేది!" ఆనందబాబు కళ్ళు మెరిశాయి. "తప్పుల్లేని పాట ఏ అంగట్లోనైనా దొరకతాది. పాడేవాడి నవ్వు ఎక్కడ దొరకతాది?"

టేపు సంచిలో పెట్టుకుని లేస్తూ, మళ్ళీ కచేరీ ఎప్పుడని అడిగాడు ఆనందబాబు.

"పిలగాళ్ళని అడిగి చెప్తా సార్."

"వాళ్ళని కాదు భాయ్, మీ ఆవిడని అడుగు."

తనకు ఈ నెలలో తీరిక లేదని చెప్పి దిల్షాద్ లోపలికి వెళ్ళిపోయింది.