పట్టు కాలిన వాసన

బుధవారం పొద్దున భార్య వీణను హిందూపురం రైలెక్కించి ఇంటికొచ్చేసరికి అశోక్ మనసులో ఆ రోజు పథకం మొత్తం సిద్ధంగా ఉంది. పెనుకొండ దగ్గరి ఫ్యాక్టరీలో షిఫ్టు మారి, అతనికి ఈసారి వారపు సెలవు ఆ రోజు పడింది. వీణ బడిలో పాఠాలు ముగించుకుని సాయంత్రం ఏడున్నరకు మళ్ళీ ధర్మవరం స్టేషన్లో దిగుతుంది. ఆలోపల చికెన్ క్యాసరోల్ చేసి బల్ల మీద పెట్టేయాలి. ఫోనులో వీడియో నాలుగుసార్లు చూశాడు. అన్నం, కోడి ముక్కలు, మీగడ, చీజు అన్నీ ఒకే గాజు గిన్నెలో పరిచి ఓవెన్లో పెట్టడమే. నలభై నిమిషాల్లో వంట, తోమడానికి ఒక్క గిన్నె. వీడియోలోని అమ్మాయి నవ్వుతూ చెప్పిన ఇంకో మాట అశోక్‌కు అన్నిటికన్నా నచ్చింది. ఓవెన్ తలుపు మూసి ఉంటుంది కాబట్టి ఇల్లంతా వాసన రాదట.

వాసన రాదన్న ఆ మాటే అతనికి ప్రాణం. వాళ్ళు అద్దెకుంటున్న మేడ భాస్కరయ్యది. ఆయన పట్టుచీరల వ్యాపారి. కింద ముందు గదుల్లో భార్య లలితమ్మతో కాపురం, వెనక గదిలో సరుకు. ఉల్లిపాయ తరగడానికి కూడా వారం చూసుకునే ఇల్లు. తాళంచెవి చేతిలో పెట్టే రోజున ఆయన ఒకే ఒక్క షరతు పెట్టాడు. "నీసు వాసన నా మెట్లెక్కిన రోజే మీ సామాను నా మెట్లు దిగల్లప్పా" అన్నాడు. అశోక్ తల ఊపాడు. స్టేషనుకు ఐదు నిమిషాల నడకలో ఇల్లు కోసం నాలుగు నెలలు తిరిగినవాడు దేనికైనా తల ఊపుతాడు.

ఇప్పుడు ఆ ఐదు నిమిషాలు మరీ అవసరమయ్యాయి. వీణకు ఆరో నెల. బస్సు కుదుపులు వద్దు, ఆటోలు అసలే వద్దు, రైలైతే పర్వాలేదంది డాక్టరమ్మ. ఈ ఇల్లు పోతే వీణ ఉద్యోగం మానుకోవడమే. ఆ డాక్టరమ్మే హోటల్ తిండి కూడా వద్దంది. ఆదివారాలు కనగానపల్లికి పోయి అమ్మ చేతి కోడికూర తినొచ్చే దారి బస్సు వద్దన్నప్పుడే మూసుకుపోయింది. మూడు నెలలుగా పప్పూ చారూ తిని విసిగిపోయిన వీణ, మొన్న నిద్రలో కోడికాలు అనుకుని దిండు అంచు కొరికింది. పొద్దున లేచి, "నాకు చీర వద్దు, నగ వద్దు, ఒక్క ముద్ద కోడికూర పెట్టు సామీ" అంటూ ఏడ్చింది. అశోక్ గుండె కరిగిపోయింది. భయం మాత్రం కరగలేదు.

ఊళ్ళో కోడి కొనడానికి అతనికి ధైర్యం చాలలేదు. చికెన్ కొట్టు దగ్గర ఎవడు చూసినా కబురు తనకన్నా ముందే ఇల్లు చేరుతుంది. అందుకని అమ్మ అక్కమ్మకు ఫోను చేశాడు. మధ్యాహ్నం బస్సులో కూరగాయల సంచీ ఒకటి వచ్చింది. పైన కరివేపాకు, వంకాయలు. అడుగున అరటాకులో చుట్టిన నాటుకోడి, ముక్కలు కూడా చేయకుండా మొత్తంగా. అశోక్ మళ్ళీ ఫోను చేశాడు.

"అమ్మా, ముక్కలు చేసి పంపమంటే కోడిని కోడిగానే పంపినావే?"

"ముక్కలు చేస్తే దోవలో చెడిపోతాదిరా. ఈకలు పెరికినా గానీ పైన నూగు ఉండాది. పసుపు పూసి మంట మీద కాల్చుకో."

"వీడియోలో కాల్చేది లేదు మా."

"నిన్ను కన్నది వీడియోనా, నేనా? కాల్చకుండా వండితే నీసు కొడతాది. కడుపుతో ఉండే పిల్లకు పెట్టేది, నేను చెప్పినట్ల చెయ్."

నీసు అనే మాట వినగానే అశోక్ వాదన మానేశాడు. ఐదున్నరకు కిటికీలు మూశాడు, తలుపు గడియ పెట్టాడు, కోడికి పసుపు పూశాడు. పొగ బయటకు పోవాలని వంటింటి గోడలోని ఫ్యాను కూడా వేశాడు. ఆ ఫ్యాను పొగను పక్క సందులోకి తోస్తుందనీ, సరిగ్గా దాని కిందే భాస్కరయ్య సరుకు గది కిటికీ ఉందనీ అతనికి తోచలేదు. మంట మీద నూగు చిటపటమంది. రెండు నిమిషాల్లో పనైపోయింది. కత్తి తీసి ముక్కలు కొట్టి, అన్నం మీద పరిచి, మీగడ పోశాడు. చీజు తురుముతుండగా కింద నుంచి భాస్కరయ్య కేక వినిపించింది.

"లలితా! పట్టు కాలతాండాది! లెయ్!"

పట్టు వ్యాపారం చేసేవాళ్ళకు ఆ వాసన పరిచయం చేయక్కర్లేదు. చీర అసలుదా, నకిలీదా తేల్చాలంటే కొంగు కుచ్చులోంచి ఒక పోగు లాగి అంటిస్తారు. వెంట్రుక కాలిన వాసన వస్తే అసలు పట్టు. వెంట్రుకైనా, ఈకైనా, పట్టుపోగైనా నిప్పులో పడితే వాసన ఒక్కటే. ముప్పై ఏళ్ళు ఆ వాసన చూసి బతికిన ముక్కు అది, ఇంకోలా అనుకునే వీలే లేదు.

మెట్ల మీద అడుగుల చప్పుడైంది. అశోక్ గిన్నెను ఓవెన్లోకి తోసి, టైమరు చేతికొచ్చినంత తిప్పి, తలుపు తీశాడు. భాస్కరయ్య చొక్కా కూడా లేకుండా రొప్పుతూ నిలబడి ఉన్నాడు.

"ఏమప్పా, వాసన వస్తాండాదా నీకు?"

అశోక్ తలుపుకు అడ్డంగా జరిగాడు. రాలేదంటే, పైన ఇంత ఘాటుగా ఉంటే ఎందుకు రాలేదని లోపలికి వస్తాడు. కోడి అని నిజం చెబితే సామాను సర్దుకోవాలి.

"వస్తాండాది సార్. కింద నుంచే వస్తాండాది" అన్నాడు.

ఆ ఒక్క మాటతో వీధి వీధంతా లేచింది. భాస్కరయ్య పరుగున దిగి, ఇల్లు మొత్తానికి ఒకటే ఉన్న మెయిన్ స్విచ్చి ఆపేశాడు. ఎదురింటి మగ్గం నేసే దేవప్ప పంచె ఎగ్గట్టి రెండు బిందెలతో వచ్చాడు. ఎవరో ఫైరింజన్‌కు ఫోను చేశారు. సరుకు గదిలో నిప్పెక్కడుందో ఎవరికీ కనబడలేదు. కనబడని నిప్పుకు భయం రెండింతలు. గదిలో ఉన్నవి నలభై పెళ్ళిచీరలు. మరునాడు పొద్దున తొమ్మిదికి హిందూపురం పెళ్ళివాళ్ళకు అందాలి.

"చీరలు పైకి! మేడ మీదికి మంట రాదు!" అని అరిచాడు భాస్కరయ్య.

"పైకా?" అన్నాడు అశోక్ నీరసంగా.

ఎవరూ వినలేదు. లలితమ్మ మూటలు మోసుకొచ్చి మంచం మీద, కుర్చీల మీద, చివరకు వంటింట్లో ఆగిపోయిన ఓవెన్ మీద కూడా పేర్చింది. కరెంటు లేదు గానీ ఆ టైమరు స్ప్రింగుది. చీరల కింద టిక్ టిక్ మంటూ తిరుగుతూనే ఉంది. పట్టుకు ఏ వాసనైనా ఇట్టే పడుతుందని అశోక్ విన్నాడు. రేపు పెళ్ళికూతురు చీర మడత విప్పితే చీజూ కోడీ గుప్పుమంటాయి. దేవుడి పటం ముందున్న ఊదుబత్తుల కట్ట మొత్తం తీసి ఒకేసారి వెలిగించాడు.

"మంటలంటుకునేటప్పుడు ఊదుబత్తీలేంది నాయనా?" అంది లలితమ్మ.

"దేవునికి దండం పెట్టుకుంటాండా అమ్మా" అన్నాడు. అందులో మాత్రం అబద్ధం లేదు.

అరగంట వెతికారు. ఫైరింజన్ వచ్చి, చూసి, తిట్టి పోయింది. యాడా నిప్పు లేదని తేల్చి దేవప్ప మెయిన్ స్విచ్చి వేశాడు. పైన ఓవెన్లో ఎర్రటి దీపం వెలిగింది. అశోక్ ఒక్క గంతులో పోయి, దాని మీది మూటను పసిబిడ్డను ఎత్తుకున్నట్టు రెండు చేతులా ఎత్తుకున్నాడు.

జనం వెళ్ళిపోయారు. లలితమ్మ కింద దీపం పెట్టడానికి దిగింది. భాస్కరయ్య మాత్రం మళ్ళీ మేడెక్కాడు. మడతల్లో ఎక్కడైనా నిప్పురవ్వ దాగి ఉందేమోనని, వంటింటి గడప మీద కూర్చుని ఒక్కో చీరా విప్పి చూశాడు. నలభై చీరల్లో ఎక్కడా చిన్న మచ్చ కూడా లేదు.

"ఇంత వాసన వచ్చి, ఒక్క పోగన్నా కాలలేదంటే ఎట్లప్పా? స్టవ్ ముట్టించు. అదే వాసనో కాదో చూద్దాం."

అశోక్ స్టవ్ వెలిగించాడు. భాస్కరయ్య ఒక కొంగులోంచి పోగు లాగి మంటకు చూపించాడు. పోగు చిటపటమనలేదు. ముడుచుకుని, కరిగి, నల్లటి పూసలా గడ్డకట్టింది. వచ్చింది ప్లాస్టిక్ కాలిన వాసన. భాస్కరయ్య ఇంకో చీర తీశాడు. ఇంకోటి. ఆరు చీరలు చూసేసరికి ఆయన ముఖంలో నెత్తురు చుక్క లేదు.

"ఇది పట్టు కాదే" అన్నాడు మెల్లగా. "ఇరవై ఏండ్లుగా సరుకిచ్చే మనిషని ఈసారి పోగు లాగి చూడకుండా దించుకుంటి."

ఓవెన్ టైమరు టిక్ టిక్ మంటూనే ఉంది. ఆయన ఆ నల్ల పూసను వేళ్ళతో నలిపి చూశాడు. తరువాత తల ఎత్తాడు.

"అశోకా. కింద గదిలో ఉండేదంతా ఈ సరుకే. ఇది కాలితే ఆ వాసన రాదు. మరి నా ఇంట్లో కాలిందేంది?"

ఓవెన్ ‘టింగ్’ మంది.

ఇక దాచడానికి ఏమీ మిగల్లేదు. అశోక్ ఓవెన్ తలుపు తీసి, గుడ్డతో గాజు గిన్నెను బయటకు లాగి పక్కన పెట్టి, చేతులు కట్టుకుని నిలబడ్డాడు. వీణ కొరికిన దిండు దగ్గర నుంచి అమ్మ పంపిన వంకాయల సంచీ దాకా అన్నీ చెప్పేశాడు. "పురుడు అయ్యేదాకా ఉండనీయండి సార్. ఆమె రైలుకు నడిచి పోవల్ల" అన్నాడు.

భాస్కరయ్య ముక్కు మూసుకోలేదు, కేకలూ వేయలేదు. ఆయన కళ్ళు గిన్నె మీద లేవు. "రేపు పొద్దున ఇవి పెళ్ళివాళ్ళ చేతికి పోయేటివి" అన్నాడు. "ఆడ పందిట్లో ఏ ముసలామో ఒక పోగు లాగి కాల్చింటే? ముప్పై ఏండ్ల పేరప్పా. నా పేరు కాలిపోయేది." ఇంతసేపూ ఈ ఇంట్లో భయపడవలసిన మనిషి తానొక్కడే అనుకున్న అశోక్, మంచినీళ్ళు తెచ్చి ఆయనకిచ్చాడు.

నీళ్ళు తాగి భాస్కరయ్య లేచాడు. "బజార్లో మన అంగట్లో ఉండే మంచి సరుకు పంపిస్తా. ఇవి ఇచ్చినోడి ముఖాన కొడతా. నువ్వు ఈడ ఏమీ చూడలేదు."

"చూడలేదు సార్."

"నేనూ చూడలేదు."

అంతలో లలితమ్మ పైకొచ్చింది. గడప దగ్గరే ఆగి గాలి పీల్చింది. "ఇంగా ఏందో వాసన వస్తాండాది గదా?"

"పట్టేలే" అన్నాడు భాస్కరయ్య గిన్నెకు అడ్డంగా నిలబడి. "అసలైన పట్టు. నేను చూసినా గదా, పా కిందికి."

ఏడున్నరకు వీణ వచ్చింది. తన మంచం మీద నలభై పెళ్ళిచీరలు చూసి గుండె పట్టుకుంది. వంటింట్లో గిన్నె చూసి చీరల్ని మరిచిపోయింది. నాటుకోడికి ఆ వీడియో సంగతి తెలియదు కాబట్టి ముక్క పంటికి లొంగలేదు. మీగడతో, చీజుతో సహా కుక్కర్లో వేసి, కారం కలిపి ఎనిమిది విజిల్స్ రానిచ్చారు. క్యాసరోల్ చివరకు అక్కమ్మ చేసే పులుసు రంగులోకి తిరిగింది. వీణ మూడుసార్లు వడ్డించుకుంది. ప్రతి విజిల్‌కూ అశోక్ మెట్ల వైపు చూశాడు గానీ ఎవరూ రాలేదు.

నెలాఖరులో భాస్కరయ్యకు కొత్త సరుకు దిగింది. ఆ సాయంత్రం ఆయన ఒక పోగు వేలికి చుట్టుకుని మేడెక్కాడు. వెనక లలితమ్మ లేదని చూసుకుని గొంతు తగ్గించాడు. "ఏమప్పా, మీ అమ్మ ఈ వారం ఏమన్నా పంపిందా?"

తినడానికి కాదట, నూగు కాల్చి పోగు వాసన సరిచూసుకోవడానికట.