బొటనవేలంత నీడ

ఆ సోమవారం పొద్దున సుందర్ రావు వేసుకున్న ప్లాను చాలా చిన్నది. శుక్రవారం దాకా మడికొండ శివారులో ఇళ్ల స్థలాలు కొలవాలి, కొలుస్తూ నల్లబడకూడదు, ఆదివారం హనుమకొండ చర్చిలో ఎర్రగా, నిగనిగలాడుతూ కనబడాలి. ఎనభై ఏడో సంవత్సరం మే నెల. వరంగల్ ఎండ. ఇది ఒక సర్వేయరు వేసుకోదగ్గ ప్లానేనా? బుద్ధున్నవాడెవడూ వేసుకోడు. సుందర్ రావు వేసుకున్నాడు.

ఆదివారం సంగతేమిటంటే, నెక్కొండ నుంచి అక్కడి చర్చి సంఘ పెద్ద యోసేపు తన కూతురు కృపమ్మను వెంటబెట్టుకొని వస్తున్నాడు. పిల్లను ముస్తాబు చేసి, పలహారం పళ్లెం చేతికిచ్చి నలుగురి ముందు నిలబెట్టడం యోసేపుకు గిట్టదు. ఆరాధనలో ఒకరినొకరు చూసుకుంటే చాలునన్నాడు. సుందర్ రావుకు ముప్పై నాలుగేళ్లు నిండాయి. వచ్చిన సంబంధాలన్నిటినీ పిల్ల నలుపని తిప్పికొట్టిన ఘనుడు. అలా కొట్టగా కొట్టగా గడప తొక్కేవాళ్లే లేకుండా పోయారు. కృపమ్మది చామనఛాయే అయినా, సర్కారు బడిలో టీచరు కదా అని పెద్దమనసు చేసుకొని ఒప్పుకున్నాడు. పక్కపక్కన నిలబడితే మాత్రం తానే ఎర్రగా ఉండాలి. ఇది కూడా తప్పిపోతే ఇంకోసారి పెళ్లి మాటెత్తనని తల్లి సువార్తమ్మ తేల్చి చెప్పేసింది.

అక్క మార్తమ్మ కువైట్‌లో నర్సు. సెలవుకు వచ్చి ఉంది. అద్దం ముందు నిలబడి చెంపలు తడుముకుంటున్న తమ్ముణ్ణి చూసి జాలిపడి, పెట్టెలోంచి తెల్లటి సీసా ఒకటి తీసి ఇచ్చింది. ఎండకు చర్మం కమలకుండా పూసుకొనే క్రీము. సీసా నడుమ పెద్దగా ముప్పై అని అంకె వేసి ఉంది. ఆ అంకె చూడగానే సుందర్ రావు కళ్లు వెలిగాయి.

"తమ్మీ, జర చెవిన పెట్టు," అంది మార్తమ్మ. "ముప్పై అంటే ముప్పై గంటలు కాదు. మొఖం, మెడ, చెవులు, చేతులు, ఎండ తాకే కాడల్ల దండిగ పుయ్యాలె. బయటికి పోయే పావుగంట ముందుగాల్నే పుయ్యాలె. రెండు గంటలకోపారి మళ్ల పుయ్యాలె, చెమట కారితే ఇంకా జల్ది పుయ్యాలె. పూసుకున్నా గొడుగు ఇడువద్దు."

"మరి నంబరు గంత పెద్దగ ఎందుకేసిండ్రక్కా?"

"పదిహేను నంబరుది నూటికి తొంభై మూడు పాళ్ల ఎండ ఆపుతది. ఇది తొంభై ఏడు ఆపుతది. తేడా గంతే. నూటికి నూరు ఆపేది లోకంల లేదు. అది గూడ సరిగ్గ పూసుకుంటేనే."

చెప్పి, ఆవిడ ఏటూరునాగారంలో ఉన్న అత్తగారింటికి బస్సెక్కింది. శనివారం గాని తిరిగి రాదు. సుందర్ రావుకు ఆ మాటలు ఒక్కటీ ఒంటబట్టలేదు. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లనే రకం మరి. అంత పెద్ద నంబరున్న ఫారిన్ సరుకును గోడకు సున్నం కొట్టినట్టు కొట్టాలట! ఈ ఆడవాళ్లకు పొదుపు తెలియదనుకున్నాడు.

అతనికి అంతకంటే గొప్ప లెక్క ఒకటి తోచింది. ఏటా ఎండాకాలం చర్చి ఉజ్జీవ సభల్లో పాస్టరు అయ్యగారు ప్రార్థన నూనెలో బొటనవేలు ముంచి, వరుసలో నిలబడ్డవాళ్ల నుదుట ఒక్క ముద్ర వేస్తారు. ఆ ఒక్క ముద్ర చాలు, దీవెన తల నుంచి అరికాలి దాకా దిగుతుంది. చిన్నప్పటి నుంచీ చూస్తున్నదే. మామూలు నూనెకే అంత మహిమ ఉంటే, ముప్పై నంబరు వేసుకొని సముద్రం దాటి వచ్చిన క్రీముకు ఉండదా? అయ్యగారు వింటే చెంప పగలగొట్టవలసిన లెక్క ఇది. సుందర్ రావు మాత్రం తన తెలివికి తానే మురిసిపోయి, క్రీములో బొటనవేలు ముంచి, నుదుటి నడుమ నిలువుగా అద్దాడు. కళ్లు మూసుకొని చిన్న ప్రార్థన కూడా చేశాడు. తర్వాత సీసాను బీరువాలో పెట్టి తాళం వేసి, డ్యూటీకి పోయాడు.

మడికొండలో కొలత గొలుసు పట్టే వెంకట్రాజం మొదలుకొని రాళ్లు పాతే కూలీల దాకా అందరూ తలలకు తువ్వాళ్లు చుట్టుకున్నారు. ఊరంతా ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి. సుందర్ రావు ఆఫీసు గొడుగును ముడిచి జీపులో పడేశాడు. టోపీ వద్దన్నాడు. మధ్యాహ్నం అందరూ తుమ్మచెట్టు కింద సద్ది విప్పితే, తాను బండ మీద ఎండలోనే కూర్చొని అన్నం తిన్నాడు.

"సార్, తలకు జర తువ్వాల సుట్టుకోండ్రి. వడదెబ్బ తాకుతది," అన్నాడు వెంకట్రాజం.

"నా ఫికర్ జెయ్యకు వెంకట్రాజం. నాకు పైకెల్లి రక్షణ ఉన్నది," అన్నాడు సుందర్ రావు, నుదురు చూపించి.

క్రీము సంగతి చెప్పవచ్చు. చెబితే కూలీలు తలా ఒక చుక్క అడుగుతారేమోనని భయం. ఆ పిసినారితనమే కొంప ముంచింది. రోజూ పొద్దున అదే చోట, అదే వేలితో, అదే ముద్ర. అద్దాక కళ్లు మూసుకొని అదే ప్రార్థన. బుధవారం నాటికి చెవులు పొట్టు లేచాయి. గురువారానికి మొహం జొన్నరొట్టె పెనం అడుగులా మాడింది. నుదుట వేలిముద్ర పడిన చోటు మాత్రం తల్లి కన్ననాటి రంగులో అలాగే ఉంది. ఇంట్లో మసకబారిన అద్దంలో ఆ ఒక్క చోటు చూసుకొని, తెలుపు అక్కణ్ణుంచి మొదలైంది, ఆదివారానికి మొహమంతా పాకుతుందని సంబరపడ్డాడు. ఇలాంటివాడికి భూములు కొలిచే పని ఎవరిచ్చారో!

అవతల వెంకట్రాజం తన లెక్క తాను వేసుకున్నాడు. సారు తలకు గుడ్డ చుట్టడు, నీడకు రాడు, ఎండలోనే తింటాడు, నుదుట తెల్లటి నిలువు బొట్టు, పైనుంచి రక్షణ ఉందంటాడు. ఇది మొక్కు కాక మరేమిటి? కిరస్తానీ సారు అయినా ఏదో పెద్ద ఆపద మొక్కు మొక్కుకొని ఉంటాడని కూలీలందరికీ గుసగుసగా చెప్పాడు. అప్పటినుంచి సారు ఎదుట ఎవరూ బీడీ కాల్చలేదు. సుందర్ రావు అది తన హోదాకు మర్యాద అనుకున్నాడు.

శుక్రవారం పక్క చేనులోంచి మల్లక్క అనే ముసలమ్మ వచ్చింది. అంత కఠినమైన మొక్కు పట్టిన మనిషికి ఉత్త చేతులతో దండం పెట్టడం ఆమెకు తప్పనిపించింది. కొబ్బరికాయ కొట్టి, చిప్ప చేతికిచ్చి, తెల్ల ముద్ర కింద ఇంత కుంకుమ దిద్దింది. సన్మానమే అనుకున్నాడు సుందర్ రావు. తల వంచి దిద్దించుకున్నాడు, దాహం మీద ఉన్నాడేమో, చిప్పలో నీళ్లు గటగటా తాగాడు. సరిగ్గా ఆ సమయంలోనే యోసేపు తమ్ముడు దేవదానం సైకిలు దిగాడు. మడికొండ బడిలో పంతులు. కాబోయే అల్లుడు ఎలాంటివాడో ఒకసారి చూసి పోదామని వచ్చాడు. చూశాడు. సైకిలు తిప్పుకొని, సాయంత్రం బండికే నెక్కొండ పోయాడు.

ఇంటికి వచ్చి మొహం కడుక్కుంటే కుంకుమ పోయింది, తెలుపు పోలేదు. సువార్తమ్మ కొడుకును వాకిట్లో వెలుతురులోకి లాగి చూసి, గుండె బాదుకుంది. బొట్టంటేనే ఆమడ దూరం జరిగే కొంపలో, సంఘ పెద్ద వచ్చే ముందు, నుదుట నిలువు నామం! సుందర్ రావుకు అప్పుడు గాని అది నామంలా కనబడలేదు. నిమ్మకాయతో రుద్దాడు, పీచుతో తోమాడు. రుద్దినకొద్దీ ముద్ర ఇంకాస్త మెరిసింది.

అక్కడితో ఆగితే పోయేది. తెల్లదాన్ని తీయలేనప్పుడు నల్లగా చేయాలని శనివారం అతనికి ఇంకో మహత్తరమైన ఆలోచన వచ్చింది. తువ్వాలుకు నడుమ బొటనవేలంత బొక్క కోశాడు. ఆ బొక్క సరిగ్గా ముద్ర మీదికి వచ్చేలా తలంతా మొహంతో సహా బిగించి కట్టాడు. మిట్టమధ్యాహ్నం దాబా ఎక్కి, పీట మీద కూర్చొని, మోకాళ్ల మీద చేతులు పెట్టుకొని, సూర్యుడికి ఎదురుగా తలెత్తాడు. తొందరగా మాడిపోవాలని పైకే వేడుకుంటున్నాడు.

"జర దయ చూడు. రేపటికల్ల పని గావాలె. నా ఇజ్జత్ నీ చేతులనే ఉన్నది."

తమ్ముడి మాట విన్న యోసేపు ఆదివారం దాకా ఆగలేదు. తన చెవులతో తానే వింటానని కృపమ్మ కూడా వెంట వచ్చింది. బస్సు దిగి వస్తున్న మార్తమ్మ వాళ్లను గుమ్మంలోనే కలుసుకుంది. ముగ్గురూ మెట్లెక్కి, ఆ దృశ్యాన్ని తనివితీరా చూశారు.

"సుందర్ రావు గారూ, మొక్కుడు అయినంక కిందికి రండ్రి. మేం పోయొస్తం," అన్నాడు యోసేపు.

సుందర్ రావు తువ్వాలు పీక్కొని వాళ్ల దారికి అడ్డం పడ్డాడు. ఉన్న ఒక్క సంబంధమూ మెట్లు దిగిపోతోంది. ఇక దాచితే లాభం లేదని సీసా, బొటనవేలు, కొబ్బరి చిప్ప, తువ్వాలు బొక్క అన్నీ ఒక్క గుక్కలో కక్కేశాడు. తాను ఏ దేవుడికీ మొక్కలేదని, అయ్యగారి ముద్ర లెక్కన క్రీము అద్దుకున్నానని ప్రమాణం చేశాడు. మార్తమ్మ తల పట్టుకొని పిట్టగోడ మీద కూలబడింది. సీసా సగం ఖాళీ కావలసిన వారంలో మూతకు అంటినంత కూడా ఇతను వాడలేదు.

"ఇదంత ఎందుకు చేసినవు బిడ్డా?" అన్నాడు యోసేపు, కాస్త మెత్తబడి.

"అమ్మాయి కన్న నేను నల్లగ కనవడొద్దని సార్," అన్నాడు సుందర్ రావు. జన్మలో మొదటిసారి నిజం చెప్పాడు, అదీ చెప్పకూడని చోట.

యోసేపు పగలబడి నవ్వాడు. గుండె మీది బరువు దిగిపోయినట్టు ఊపిరి పీల్చుకున్నాడు. విగ్రహారాధన కాదు, మొక్కు కాదు, ఉత్త తెలివితక్కువతనం. తెలివితక్కువతనం పాపాల్లో రాదని, సంబంధం ఖాయమని చేయి చాపాడు. సుందర్ రావు ఆ చేతిని రెండు చేతులతో పట్టుకున్నాడు. మాడిన మొహంలో పళ్లు తళతళలాడాయి.

కృపమ్మ తండ్రి భుజం మీద చెయ్యి వేసింది.

"నాయినా, ఈయన సూర్యునికి మొక్కుతాండంటే కూసోని మాట్లాడుకుందుము. నమ్మకం ఉన్నోనికి చెప్పొచ్చు. ఈయన మొక్కేది అద్దానికి. ఆ దేవుని కాడ నాకు జాగ లేదు. పోదాం పా."

యోసేపు కూతురి మొహం చూశాడు. పట్టుకున్న చేతిని మెల్లగా విడిపించుకున్నాడు. తండ్రీకూతుళ్లు మెట్లు దిగారు. సువార్తమ్మ తాగి పొమ్మన్న చాయ్ తాగి, స్టేషన్‌కు రిక్షా మాట్లాడుకున్నారు. సుందర్ రావు ఎండలోనే నిలబడి ఉంటే, నీడకు రమ్మని ఎవరూ పిలవలేదు.

మరునాడు ఆరాధనలో అతను మొదటి నుంచి చివరి దాకా తల ఎత్తలేదు. ఇంతటి వినయం మన సంఘంలో ఇదివరకెన్నడూ చూడలేదని అయ్యగారు ప్రసంగంలో మెచ్చుకున్నారు.