పన్నెండో ఫారం

ఆ రోజు పొద్దున్నకు ప్రూఫ్ రీడరు వేసుకున్న పథకం చాలా చిన్నది. ఏడింటికి పన్నెండో ఫారం విప్పి చదవాలి, తొమ్మిదికల్లా ముగించాలి. తొమ్మిదిన్నరకు స్కూటరు మీద భార్యను ఇంటర్వ్యూ దగ్గర దించి, అటునుంచి అటే ప్రెస్సుకు వెళ్లి ప్రూఫులు ఇచ్చెయ్యాలి. ఇంటర్వ్యూ పది గంటలకు. ఆవిడ ఎనిమిదేళ్లుగా గ్రంథాలయంలో తాత్కాలిక ఉద్యోగి. ఏటా ఒకసారి ఉద్యోగం తీసేసి, వారం తర్వాత మళ్లీ పిలిచేవారు. ఆ వారం ఆవిడ ఎవరితోనూ సరిగా మాట్లాడేది కాదు. ఈసారి పోస్టు పర్మనెంటు. అసలు సర్టిఫికెట్లు తేనివారిని లోపలికి పిలవబోమని కార్డులో కింద గీత గీసి మరీ రాశారు. ఆ కార్డును ఆవిడ పది రోజులుగా రోజుకోసారి తీసి చదువుకుంటోంది.

ఆయన దిద్దుతున్నది మనుషులు వాదనల్లో చేసే తప్పుల మీద ఒక లావుపాటి పుస్తకం. ప్రెస్సు నుంచి పుస్తకం ఒక్కసారిగా రాదు. పదహారేసి పేజీలు ఒక ఫారం, వారానికో ఫారం. అందువల్ల ఆయనకు తర్కం కూడా వారానికి కొంత చొప్పున వంటబట్టింది. ఏ వారం ఏ తప్పు చదివితే ఆ వారం ఆ తప్పు ఇంట్లో అందరి మాటల్లోనూ కనబడేది. ఐదో ఫారంలో కాకతాళీయం వచ్చింది. కాకి వాలడం, తాటిపండు రాలడం ఒకేసారి జరిగితే కాకే రాల్చిందనుకోవడం. ఆ వారం అత్తగారు వాన పడగానే మోకాళ్లు లాగుతున్నాయని నోరు జారి, అరగంట పాఠం విన్నది. అప్పటినుంచి ఆవిడ మోకాళ్లకు తైలం కూడా అల్లుడు ప్రెస్సుకు వెళ్లాకే రాసుకుంటోంది. తప్పు పట్టడం ఆయన వృత్తి. ఇన్నాళ్లూ అది అక్షరాలతో సరిపెట్టుకునేది.

ఏడింటికి ఆయన పన్నెండో ఫారం పొట్లం చేతిలోకి తీసుకున్నాడు. ఖాకీ కాగితం, పైన దారం. విప్పబోయి ఆగాడు. ఇంతవరకు వచ్చిన పదకొండు ఫారాలూ ఒకే తీరుగా ఉన్నాయి. ఒక తప్పు, దానికో పేరు, మూడు ఉదాహరణలు. పన్నెండోది మాత్రం వేరుగా ఎందుకుంటుంది? ప్రెస్సులో కూర్చుని గంటలో చూసేయవచ్చు. పొట్లం నిన్నటికన్నా కాస్త లావెక్కినట్టు చేతికి తోచింది కానీ, ఆయన దాన్ని టీపాయి మీద పడేసి పేపరు తెరిచాడు. పెన్ను పట్టుకుని మంత్రుల ప్రకటనల్లో తప్పులు గీసుకుంటూ కూర్చుంటే గంట సేపు ఎలా గడిచిందో తెలియలేదు.

ఎనిమిదింపావుకు ఆయన బీరువా తెరిచి చొక్కా తీసుకుంటుండగా, భార్య బట్టలు చేతిలో పెట్టుకుని పడగ్గదిలోని స్నానాల గదికి వెళ్లబోతూ ఆగింది. బీరువా సరిగ్గా ఆ తలుపు పక్కనే ఉంటుంది.

"బీరువా తలుపు మూయకండి. అలా వదిలేయండి."

"ఎందుకు?"

"మూయొద్దన్నాను కాబట్టి."

"అది కారణం కాదు. చెప్పిన మాటనే మళ్లీ కారణంగా చెప్తున్నావు. మూడో ఫారం."

ఆవిడ ఆయన వంక కాసేపు చూసింది. "మూడో ఫారానికి నా నమస్కారాలని చెప్పండి" అని లోపలికి వెళ్లి గడియ పెట్టుకుంది. నీళ్ల చప్పుడు మొదలైంది.

మంచం మీద కూర్చుని దుప్పట్లు మడత పెడుతున్న అత్తగారు అప్పటికైనా ఊరుకుంటే బాగుండేది. "దాని మాట వినండి అల్లుడుగారూ. ఆకుపచ్చ బీరువాలు ఒకసారి మూస్తే తెరుచుకోవు. మా అక్కదీ ఆకుపచ్చదే. మూడు రోజులు తెరుచుకోలేదు."

"ఒక్క బీరువాను చూసి బీరువాల జాతినంతా అనకూడదు అత్తయ్యా. ఇది ఏడో ఫారం."

తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లని చెప్పి ఊరుకునే మనిషి కాదు ఆయన. కుందేలును తెచ్చి, ఎదుట నిలబెట్టి, కాళ్లు లెక్కపెట్టి చూపించే రకం. అంచేత బీరువా తలుపు మూశాడు, తాళం తిప్పాడు, మళ్లీ తెరిచి చూపిద్దామని తాళంచెవి వెనక్కి తిప్పాడు. అది తిరగలేదు. రెండు చేతులతో తిప్పాడు. మోకాలు ఆనించి తిప్పాడు. తాళంచెవి వంగింది.

అత్తగారు దుప్పటి నాలుగు మడతల చోట ఎనిమిది మడతలు పెట్టింది.

అప్పుడు గుర్తొచ్చింది ఆయనకు. సర్టిఫికెట్లు ఎప్పుడూ బీరువా పై అరలో నీలం ఫైల్లో ఉంటాయి. కార్డులో గీత గీసిన వాక్యం ప్రూఫు కాగితంలా కళ్ల ముందు నిలిచింది. ఎనిమిదేళ్లు ఎదురుచూసిన రోజును తన చేత్తో తాళం వేసి మూసేశానని ఆయనకు నిజంగానే భయం వేసింది.

చప్పుడుకు బావమరిది దువ్వెన చేత్తో పట్టుకుని వచ్చాడు. వాడు బావ తర్కానికి భయపడి మూడు నెలలుగా ముక్తసరిగా మాట్లాడుతున్నాడు. "సందు చివర తాళాలాయన్ని పిలుద్దాం బావా. ఈ వీధిలో అందరూ ఆయన్నే పిలుస్తారు."

"అందరూ పిలిస్తే పనిమంతుడైపోతాడా? నాలుగో ఫారం."

"పోనీ ఎవర్ని పిలుద్దాం?"

"ఎవర్నీ వద్దు. ఆలోచిద్దాం."

ఆయన ఆలోచించాడు. నేల ఎడమవైపు కాస్త వాలి ఉంది. వాలు వల్ల బీరువా ఒరిగింది. ఒరిగినందువల్ల లోపలి కడ్డీలు గాడి తప్పాయి. గాడి తప్పినందువల్ల తాళం పట్టేసింది. కాబట్టి బీరువా ఎడమ కాలిని వేలెడు ఎత్తితే తాళం దానంతటదే వస్తుంది. ఆ వాదనలో ఎక్కడ వెతికినా తప్పు దొరకలేదు. ఆయనకు కొంచెం ధైర్యం వచ్చింది.

ఈలోగా పై ఇంట్లో ఉండే డ్రాయింగ్ మాస్టారు దిగి వచ్చారు. రిటైరయ్యాక ఆయనకు కింది ఇళ్లలో చప్పుళ్లు వినడమే కాలక్షేపం. "దాన్ని కదపకు" అన్నారు గుమ్మంలోంచే. "అక్షరాలు దిద్దుకునేవాడివి, ఇనుము సంగతి నీకేం తెలుసు?"

"మాస్టారూ, మీరు నా వాదనను వదిలేసి నన్ను పట్టుకున్నారు. రెండో ఫారం."

"ఫారమేమిటోయ్?" అని మాస్టారు బావమరిదిని గొంతు తగ్గించి అడిగారు.

"అడక్కండి మాస్టారూ. ఆయన చెప్తాడు."

కాలి కింద పెట్టడానికి ఏదైనా కావాలి. బావమరిది తెచ్చిన చెక్క మరీ మందం. పేపరు మడత మరీ పల్చన. ప్రూఫ్ రీడరు చుట్టూ చూశాడు. టీపాయి మీది పొట్లం సరిగ్గా వేలెడు మందం ఉంది. మాస్టారు వద్దంటూనే ఒక చెయ్యి వేశారు. బావమరిది, మాస్టారు బీరువా కాలు ఎత్తారు, ఆయన పొట్లాన్ని కిందికి తోశాడు, ఇద్దరూ వదిలారు. తాళంచెవి తిరగలేదు. బీరువా మాత్రం నున్నటి ఖాకీ కాగితం మీద ఒక క్షణం తటపటాయించి, నెమ్మదిగా పక్కకు ఒరిగి, స్నానాల గది తలుపుకు భుజం ఆనించి నిలబడింది. ఆ తలుపు బయటికి తెరుచుకునే తలుపు.

లోపల నీళ్ల చప్పుడు ఆగిపోయింది.

"ఏమిటా చప్పుడు?"

"ఏం లేదు."

"ఏం లేకపోతే తలుపెందుకు రావడం లేదు?"

పదకొండు ఫారాల్లోనూ దీనికి జవాబు లేదు. "కంగారు పడకు. నీ సర్టిఫికెట్లు బయటికి తీస్తున్నాం" అన్నాడు.

"ఎక్కణ్ణుంచి?"

"బీరువాలోంచి."

"అవి బీరువాలో లేవు."

"ఎప్పుడూ అక్కడేగా ఉంటాయి."

"ఎప్పుడూ ఉంటాయి కాబట్టి ఇవాళా ఉన్నట్టేనా? ఇది ఎన్నో ఫారం?"

"ఏడోది" అన్నాడు ఆయన మెల్లగా. బావమరిది దువ్వెన నోటికి అడ్డం పెట్టుకున్నాడు.

"తాళం పట్టేస్తోందని నిన్న సాయంత్రమే తీసేశాను" అంది లోపలి గొంతు. "మీరు దేన్ని మరిచినా ప్రూఫులు మరవరు. పొద్దున్నే ఎలాగూ విప్పుతారు కదా అని పన్నెండో ఫారం పొట్లంలో పెట్టి కట్టాను. చెబితే అందులోనే ఎందుకు పెట్టావని కారణం అడుగుతారు. అందుకే చెప్పలేదు."

నలుగురూ ఒకేసారి నేల వంక చూశారు.

"పొట్లం ఎక్కడుంది?"

పెద్దవారు కనుక మాస్టారే బాధ్యత తీసుకున్నారు. "భద్రంగానే ఉందమ్మా. కదిలే ప్రసక్తే లేదు."

"మీరు దాన్ని విప్పలేదా?" ఈ ప్రశ్న మాస్టారికి కాదని అందరికీ తెలుసు.

"విప్పలేదు" అన్నాడు ప్రూఫ్ రీడరు. ఆ ఒక్క మాట అనడానికి ఆయనకు చాలా సిగ్గేసింది. తొమ్మిది కావస్తోంది. నలుగురూ కలిసి బీరువాను నిలబెట్టాలని చూశారు. బట్టలు, పాత రేడియో, ఇత్తడి సామాను నిండిన బీరువా అంగుళం లేచి మళ్లీ తలుపు మీదే వాలింది. లోపలినుంచి ఆవిడ తిట్టనూ లేదు, అరవనూ లేదు. అదే ఆయనకు ఎక్కువ కష్టంగా ఉంది.

అప్పుడు తాళాలాయన వచ్చాడు. అల్లుడు ఆలోచన మొదలుపెట్టినప్పుడే అత్తగారు కిటికీలోంచి పక్కింటివాళ్లతో కబురు పెట్టింది. తాళాలాయన సంచి కింద పెట్టి, బీరువా చుట్టూ చూసి, "ఖాళీ చేస్తేగానీ లేవదు. ముందు తెరవాలి. ఇవాళ గురువారం కదా?" అన్నాడు.

"అవును" అంది అత్తగారు.

"మంచిదైంది. గురువారం ఈ బీరువాలు కింద తడితే వచ్చేస్తాయి. నేను చూసినవన్నీ అంతే."

ప్రూఫ్ రీడరు నోరు తెరిచాడు. ఆ ఒక్క ముక్కలో ఐదో ఫారం, ఏడో ఫారం రెండూ ఉన్నాయి.

"అల్లుడుగారూ" అంది అత్తగారు. ఆయన నోరు మూసుకున్నాడు.

తాళాలాయన అరచేత్తో తలుపు అడుగున రెండు దెబ్బలు వేశాడు. వంగిన తాళంచెవి వంగినట్టే తిరిగింది. తలుపు తెరుచుకుని, లోపలి బట్టలన్నీ ఆయన కాళ్ల మీద పడ్డాయి. పది నిమిషాల్లో బీరువాలో ఉన్నదంతా మంచం మీదికి చేరింది. అత్తగారు ఆ గుట్ట వెనకనుంచి ఎవరు ఎటు పట్టుకోవాలో చెబుతుంటే, ఆమె చెప్పినట్టే పట్టుకుని ఎత్తారు. బీరువా లేచింది. తలుపు వచ్చింది.

ఆవిడ ఇంటర్వ్యూకు సిద్ధమై, తడి జుట్టు ముడి వేసుకుని బయటికి వచ్చింది. ఎవరి వంకా చూడలేదు. వంగి పొట్లం తీసి దారం విప్పింది. ప్రూఫుల మీద పెట్టిన నీలం ఫైలు నడిమికి నొక్కుకుపోయింది. డిగ్రీ సర్టిఫికెట్టు మధ్యలో బీరువా కాలు గుండ్రంగా, లోతుగా, ప్రభుత్వ ముద్రకు పోటీగా దిగి ఉంది. ఆవిడ దాన్ని చేత్తో ఒకసారి నిమిరింది.

"పదండి. ఇరవై నిమిషాలుంది."

స్కూటరు ఇంటర్వ్యూ జరిగే ఆఫీసు ఆవరణలోకి వెళ్లేసరికి ఆవిడ పేరే పిలుస్తున్నారు. ఆవిడ ప్రూఫులు ఆయన చేతిలో పెట్టి, ఫైలు తీసుకుని వెళ్లిపోయింది. నడవలో బల్ల మీద కూర్చుని, చేసేదేమీ లేక, ఆయన పన్నెండో ఫారం చదవడం మొదలుపెట్టాడు.

ఇంతవరకు చదివినవారికి మాత్రమే పట్టే జబ్బు ఒకటుంది అని మొదలైంది ఆ అధ్యాయం. ఎదుటివాడి వాదనలో తప్పు దొరకగానే, అతను చెప్పిన విషయం కూడా అబద్ధమేనని వారు తేల్చేస్తారు. చచ్చు కారణం చెప్పేవాడి నోట కూడా నిజం రావచ్చు. ఆయన ఆ పేరా మూడుసార్లు చదివాడు. అక్షర దోషాల కోసం కాదు. బీరువా మూయొద్దని భార్య అంది, అత్తగారు అంది. తాళాలాయన్ని పిలవమని బావమరిది అన్నాడు. కదపొద్దని మాస్టారు అన్నారు. అందరి కారణాలూ తప్పే. ఒక్కరి మాటా తప్పు కాలేదు. పొద్దుటినుంచీ పద్ధతిగా వాదించినవాడు ఆయనొక్కడే.

అరగంట తర్వాత ఆవిడ బయటికి వచ్చింది. ముఖం చూస్తే ఏమీ తెలియలేదు. ఆయన లేచి నిలబడ్డాడు.

"సర్టిఫికెట్టు మీద ఆ గుంట ఏమిటని అడిగారు" అంది.

"ఏం చెప్పావు?"

"జరిగింది చెప్పాను. ఫారాల నంబర్లతో సహా."

ఆయనకు తల ఎత్తుకోవాలనిపించలేదు. "తర్వాత?"

"గ్రంథాలయానికి వచ్చి వాదన పెట్టుకునేవాళ్లతో వేగగలవా అని అడగాల్సి ఉందట. కమిటీలో పక్కనున్నావిడ, ఇంక అది అడగక్కర్లేదండీ అంది. ఉద్యోగం ఇచ్చారు." అప్పుడు ఆవిడ బల్ల మీద కూర్చుండిపోయి, ఎనిమిదేళ్లకూ కలిపి ఒకేసారి ఏడ్చింది. ఆయన పక్కన కూర్చుని, పన్నెండో ఫారం మోకాళ్ల మీద పెట్టుకున్నాడు. భర్త మూర్ఖత్వాన్ని భార్య అర్హతగా లెక్కవేయడం ఏ ఫారం కిందికి వస్తుందో ఆయనకు తెలుసు. ఆ తప్పు చేసినందుకు ఆ కమిటీవాళ్లందరికీ దణ్ణం పెట్టాలనిపించింది.

ప్రెస్సులో ప్రూఫులు ఇచ్చేసి ఇల్లు చేరేసరికి సాయంత్రమైంది. బీరువా తన చోట నిలబడి ఉంది. తలుపు బార్లా తెరిచి ఉంది. ఆయన చొక్కా తగిలించి, అలవాటుగా తలుపు మీద చెయ్యి వేశాడు.

"దాన్ని మూయకండి అల్లుడుగారూ" అంది అత్తగారు వెనకనుంచి. "ఆకుపచ్చవన్నీ అంతే. పైగా ఇవాళ గురువారం."

ఆ మాటలో తప్పులు రెండున్నాయి. ప్రూఫ్ రీడరు రెండూ లెక్కపెట్టుకుని, తలుపు తెరిచే ఉంచాడు.