ముదురెరుపు బట్ట అను మహా రహస్యం

"ఈ బంటామా పేటలో ఇకమీదట నేరం అనేది తల ఎత్తదు. ఎత్తిందా, ఆ తల మీద నా కన్ను పడుతుంది."

ఈ ప్రకటన చేసినవాడు డాపా. చేసిన చోటు నా బొబ్బరన్నం డేగిసా పక్కన. విన్నది నేనూ, గింజల కోసం తిరుగుతున్న కోళ్ళూ.

డాపా గడియారాలు బాగుచేసేవాడు. మా కుమాసి నగరంలో అందరి చేతుల్లోకీ ఫోన్లు వచ్చాక అతని కొట్టుకి గిరాకీ పోయింది. పని లేకుండా కూర్చుని కూర్చుని, తాను పుట్టింది డిటెక్టివ్ అవడానికేనని ఒకరోజు కనిపెట్టాడు. అదే అతని మొదటి పరిశోధన. గడియారం మరలు చూడడానికి కంటికి తగిలించుకునే చిన్న భూతద్దాన్ని ఆనాటి నుంచి తియ్యలేదు. దాంతో ఆ కంటికి దగ్గరున్న చీమ తేలులాగా, దూరాన ఉన్న మనిషి పొగలాగా కనిపించేవి. ఆ పొగల్నే అతను అనుమానితులు అనేవాడు.

పక్క కొట్టు నాది కాబట్టి అతని పరిశోధనలకి సాక్షిని నేనే, అసిస్టెంటుని నేనే, ఆకలేస్తే అన్నం పెట్టే అచియక్కని కూడా నేనే.

ఆ వారం నిజంగానే ఒక కేసు వచ్చింది. బట్టల మార్కెట్లో హోల్‌సేల్ వ్యాపారం చేసే అఫువా డుఫీ గారు మా కొట్ల ముందు దిగింది. ఆవిడ మామూలుగా మాట్లాడితేనే పక్క వీధిలో కుక్కలు లేచి నిలబడతాయి. ఇంట్లో పెట్టెలో దాచుకున్న ముదురెరుపు బట్ట, చావు తంతులకి కట్టుకునేది, మాయమైందట. శనివారం ఆవిడ పెదనాన్న గారి తంతు. కుమాసిలో అలాంటి శనివారం ముదురెరుపు బట్ట లేకుండా వెళ్ళడం కంటే, పోయిన పెద్దాయన రాకపోవడమే నయం.

డాపా భూతద్దం సర్దుకున్నాడు. "అమ్మా, మీ బట్ట పోలేదు. దాన్ని తీసుకెళ్ళారు."

"అదేగా నేను చెప్పింది."

"చావుబట్టని ముందుగా ఎవరు తీసుకెళ్తారు? చావు ఎక్కడ జరగబోతోందో తెలిసినవాళ్ళు. ఇది దొంగతనం కాదమ్మా. దీని వెనక ఒక శవం ఉంది. ఇంకా శవం అవ్వలేదు, అంతే తేడా."

డుఫీ గారు నా వైపు చూసింది. నేను డేగిసాలోకి చూశాను. ఎందుకంటే ఆ బట్ట ఎవరు తీశారో నాకు తెలుసు.

తీసింది ఆవిడ కోడలు ఫ్రెమా. నిండు నెలల మనిషి. తల్లి లేదు. మొదటి కాన్పంటే రాత్రీ పగలూ వణికిపోతూ ఉండేది. పక్కన అత్తగారు ఉంటే నొప్పులు కూడా భయపడి వెనక్కి వెళ్ళిపోతాయని నాతో అంది. ఆ పిల్ల ధైర్యమంతా ఒక్క పినమాన్ మీదే ఉంది.

పినమాన్ సినిమా నటి. మా ఊరి సినిమాల్లో చావడానికి ఆవిడని మించినవాళ్ళు లేరు. పాము కరిచి చస్తుంది, బావిలో పడి చస్తుంది, సవతి పెట్టిన విషం తిని పాటంతా పాడి మరీ చస్తుంది. షూటింగు లేని రోజుల్లో ఇంకో పని చేస్తుంది. కాన్పుకి వెళ్ళే ఆడవాళ్ళకి తోడుంటుంది. నర్సు కాదు, మంత్రసాని కాదు. నడుము నిమిరి, ఊపిరి ఎలా తియ్యాలో నేర్పి, బిడ్డ భూమ్మీద పడేదాకా చెయ్యి వదలకుండా ఉండే మనిషి. డౌలా అంటారట. పేట ఆడవాళ్ళు మాత్రం పినమాన్ అక్క అంటారు.

చిక్కల్లా ఎక్కడొచ్చిందంటే, కిందటేడు ఒక సినిమాలో ఆవిడ కాన్పులో చచ్చిపోయింది. ఈమధ్య అది టీవీలో వచ్చినప్పుడు డుఫీ గారు తెర మీదికి చెప్పు విసిరి, ఈ మనిషి నీడ కడుపుతో ఉన్న పిల్ల మీద పడకూడదని ఇంటిల్లిపాదికీ ఆజ్ఞ వేసింది. అందుకని ఫ్రెమా రోజూ మధ్యాహ్నం నా కొట్లో బొబ్బరన్నం తినొస్తానని చెప్పి పినమాన్ ఇంటికి వెళ్ళేది. గట్టి బట్ట ఒకటి తెమ్మని పినమాన్ చెబితే, మందం చూసిందే కాని రంగు చూడలేదు.

"కాన్పయ్యేదాకా అత్తయ్యకి తెలియకుండా చూడు పిన్నీ," అని నా చెయ్యి పట్టుకుంది. "తెలిస్తే పినమాన్ అక్కని రానివ్వదు. ఆ కాన్పుల గదిలోకి నేను ఒంటరిగా వెళ్ళలేను."

ఇది డాపాకి చెప్పడం, రేడియోలో చెప్పడం ఒకటే. అందుకని బట్ట చాకలికి వేశారేమో కనుక్కోమన్నాను. నేరస్థులు మనల్ని అలా అనుకోమనే కోరుకుంటారని జాలిగా నవ్వాడు.

మర్నాడు రొట్టెలమ్మేవాడి వేషం వేసుకుని, నెత్తిన పళ్ళెంతో ఫ్రెమా వెనకాలే బయల్దేరాడు. వీధి మలుపు తిరగకుండానే జనం ఆపి రొట్టె అడిగారు. పళ్ళెం ఖాళీ అని చెబితే వేషం బయటపడుతుంది. వెనక్కొచ్చి రొట్టెలు కొన్నాడు, మళ్ళీ వెళ్ళాడు, అన్నీ అమ్ముడుపోయాయి. ఆ వారంలో అతను సరిగ్గా చేసిన పని అదొక్కటే.

కాసేపటికి పళ్ళెం లేకుండా పరుగెత్తుకుంటూ వచ్చాడు.

"అక్కా, ఉరి."

"ఎవరికి?"

"పొగకి. పినమాన్ ఇంటి గోడ కన్నంలోంచి చూశాను. దూలానికి ముదురెరుపు బట్ట కట్టారు. దానికో ఆడమనిషి వేలాడుతోంది. ఆ పినమాన్ పక్కన నిలబడి, 'దవడ వదిలెయ్, గట్టిగా అరువు, ఇంకాస్తలో అయిపోతుంది' అంటోంది. నా జన్మలో ఇంత చల్లని గుండె గల హంతకురాలిని చూడలేదు."

బట్ట పట్టుకుని వేలాడితే నడుము తేలికవుతుందని ఫ్రెమా నాకు ముందే చెప్పింది. డేగిసా దించి, అతని చొక్కా పట్టుకునేలోపు డుఫీ గారి దుకాణం వైపు దౌడు తీశాడు. నేను వెనకాల పడ్డాను. నా వయసుకి అది పరుగు అనరు, అయినా పరుగెత్తాను. ఆ పిల్లకి ఉన్న ఒక్క తోడూ పోతోందన్న బాధ కాళ్ళని లాక్కెళ్ళింది.

నేను చేరేసరికి డాపా దుకాణం నుంచి డుఫీ గారిని వెంటబెట్టుకొచ్చి, పినమాన్ ఇంటి గోడ ఎక్కేశాడు. డుఫీ గారు కింద నిలబడి ఉంది.

"చట్టం వచ్చింది," అన్నాడు డాపా గోడ మీంచి. "ఎవరూ కదలకండి."

ముందు కదిలింది గోడ. ఇటుకలతో పాటు డాపా పెరట్లోని పాక రేకు మీద పడ్డాడు, రేకుతో పాటు దూలం మీద పడ్డాడు, దూలానికున్న బట్టని పట్టుకుని కింద ఉన్న పెద్ద రబ్బరు బంతి మీద కూర్చున్నాడు. కాన్పుకి ముందు ఆడవాళ్ళు కూర్చుని ఊగే బంతి అది. అతన్ని ఉంచుకోలేదు. పైకి ఎగరేసింది. గాల్లో ఒక చుట్టు తిరిగి, బట్ట ఒంటికి చుట్టుకుని, పెళ్ళికూతురిలా ముసుగేసుకుని పినమాన్ కాళ్ళ దగ్గర కుదురుగా దిగాడు.

తీసే ఉన్న గేటులోంచి డుఫీ గారూ నేనూ లోపలికి వెళ్ళాం.

అటు మూల మంచినీళ్ళు తాగుతున్న ఫ్రెమా నవ్వడం మొదలెట్టింది. భయపడవలసిన పిల్ల, పొట్ట పట్టుకుని, గోడకి ఆనుకుని, కళ్ళనీళ్ళు కారేలా నవ్వింది.

"బట్ట దొరికింది," అన్నాడు డాపా ముసుగులోంచి. "అనుకున్నట్టే."

డుఫీ గారు బట్ట వైపు చూడలేదు. పినమాన్ వైపు చూసింది. "నువ్వా? చావడం తప్ప ఇంకోటి చేతకాని దానివి, నా కోడలి పక్కనా?"

పినమాన్ గొంతు పెంచలేదు. "నిజమేనమ్మా. పాముకి చచ్చాను, విషానికి చచ్చాను, కాన్పులోనూ చచ్చాను. డైరెక్టరు చాలు అనగానే ప్రతిసారీ లేచి, మట్టి దులుపుకుని, ఇంటికెళ్ళి వంట చేసుకున్నాను. అన్నిసార్లు లేచొచ్చిన మనిషి ఈ ఊళ్ళో ఇంకెవరైనా ఉంటే చెప్పండి. ఆవిడనే పిలుద్దాం."

డుఫీ గారు బదులిచ్చేలోపు ఫ్రెమా నవ్వు ఆగిపోయింది.

"అత్తయ్యా, ఉమ్మనీరు పోయింది."

ఆసుపత్రికి వెళ్ళే టాక్సీలో డాపా ముందు సీట్లో, బట్ట విప్పుకోలేక అలాగే కూర్చున్నాడు. పినమాన్‌ని అద్దంలో చూసిన డ్రైవరు, మొన్ననే టీవీలో పోయారుగా అమ్మా అని సానుభూతి చెప్పాడు. నొప్పి వచ్చినప్పుడల్లా డుఫీ గారు ప్రార్థన అందుకునేది, ఫ్రెమా కొయ్యలా బిగుసుకుపోయేది. పినమాన్ చెవి దగ్గర నెమ్మదిగా ఊపిరి వదిలితే, ఆ ఊపిరి పట్టుకుని పిల్ల మెత్తబడేది. డుఫీ గారు ఇదంతా చూసింది. సగం దారిలో ప్రార్థన లోపల్లోపలే చేసుకోవడం మొదలెట్టింది.

కాన్పుల గది దగ్గర నర్సమ్మ, తోడుగా ఒక్కరే రావాలంది.

ఫ్రెమా పినమాన్ మెడ చుట్టూ చేతులు వేసుకుని ఉంది. తల ఎత్తి అత్తగారి వైపు చూసింది. కోడలి పక్కన నిలబడే హక్కు డుఫీ గారిదే, అది అక్కడున్న అందరికీ తెలుసు. ఆవిడ తన తలగుడ్డ విప్పి కోడలి మొహం తుడిచి, దాన్ని పినమాన్ చేతిలో పెట్టింది.

"నువ్వెళ్ళు. లేచి రావడం నీకు అలవాటేగా. ఇద్దర్నీ లేపుకుని రా."

తలుపు మూసుకుంది. మేం బల్ల మీద కూర్చున్నాం. డాపా మాత్రం తలుపుకి అడ్డంగా నిలబడి, నేరస్థురాలు తప్పించుకోకుండా కాపలా కాశాడు. లోపల ఫ్రెమా అరిచింది. హత్య అంటూ లోపలికి దూకబోయిన డాపాని డుఫీ గారు ముసుగు పట్టి వెనక్కి లాగింది. పిల్ల మళ్ళీ అరిచింది. డుఫీ గారు నా చెయ్యి పట్టుకుంది. నా వేళ్ళు మళ్ళీ పనికొస్తాయో లేదో అనుకున్నాను.

అరుపులు ఆగాయి. ఏ చప్పుడూ లేదు. డుఫీ గారి పెదవులు కూడా ఆగిపోయాయి.

డాపా చెవి తలుపుకి ఆనించి, ఉన్నట్టుండి మా వైపు తిరిగాడు. మొహం పాలిపోయి ఉంది.

"అక్కా, ఏదో జరిగింది. లోపలికి వెళ్ళింది ముగ్గురు. ఫ్రెమా, పినమాన్, నర్సమ్మ. ఇప్పుడు నాలుగో గొంతు వినిపిస్తోంది. తలుపు దగ్గర్నుంచి నేను అంగుళం కదల్లేదు. నన్ను దాటి ఈ నాలుగో మనిషి లోపలికి ఎలా వచ్చినట్టు?"

అప్పుడు మాకూ వినిపించింది.

డుఫీ గారు లేచి నిలబడి, కళ్ళు తుడుచుకుని, డాపా భుజం మీద చెయ్యి వేసింది.

"పదరా, పట్టుకుందాం," అంది.