మూడు వందల పేజీల బ్యాంకు

బ్యాంకులు ఒకదాన్నొకటి మింగేయడం మనబోటి ఖాతాదారులకు మహోపకారమని నా గట్టి నమ్మకం. దీన్ని విలీనం అంటారు. ఆ మాట కనిపెట్టింది మింగినవాడు. లోపలికి పోయినవాడికి మాట్లాడే వీలు చిక్కలేదు.

ఇది చెప్పడానికి నీకేం అర్హత ఉందని అడుగుతారా? నేనొక బ్యాంకుకు అధికారిక చరిత్రకారుణ్ణి. లెటర్‌హెడ్ మీద ఉత్తరం కూడా ఇచ్చారు. ఉత్తరం నా బీరువాలో భద్రంగా ఉంది. బ్యాంకే లేదు.

దాన్ని మేమంతా 'మన బ్యాంకు' అనేవాళ్లం. అసలు పేరు బోర్డు మీద రెండు వరుసల్లో ఉండేది. దాన్ని పూర్తిగా చదివిన పాపాన ఎవరూ పోలేదు. డెబ్బై అయిదేళ్లు నిండుతున్నాయి, చరిత్ర రాసిపెట్టండని మేనేజరుగారు నన్ను పిలిచారు. పత్రికల్లో రాస్తాను కాబట్టి నాకు నిజాలు తెలుసుననుకున్నారు, పాపం.

తెలిసినాయన వేరే ఉన్నాడు. ఆ బ్యాంకులో ముప్ఫై ఎనిమిదేళ్లు సంతకాలు సరిచూసి రిటైరైన పెద్దాయన. పేరు చెబితే ఎవరూ పోల్చుకోలేరు గాని, 'సంతకాలాయన' అంటే చాలు, ఇంటికి దారి చూపించేవారు. నేను బాబాయిగారు అంటాను. చుట్టరికమేం లేదు. సాయంత్రాలు వాళ్ల వరండాలో కూర్చుని ఆయన చెప్పింది చెప్పినట్టు రాసుకున్నాను.

గొడుగులు బాగుచేసే కొట్టు మీది గదిలో ఒక గుండీల వ్యాపారి, ఒక బడిపంతులు కలిసి ఆ బ్యాంకు పెట్టారట. వాన పడితే కింద కొట్టుకు గిరాకీ, పైన కప్పు కారేది కాబట్టి బ్యాంకుకు సెలవు. ఇనప్పెట్టె మెట్లెక్కకపోతే గోడ పగలగొట్టి తాళ్లతో పైకి లాగారు. చూడ్డానికి ఊరంతా వచ్చింది. లోపల పెట్టడానికే ఇంత పాటు పడితే ఎత్తుకుపోయేవాడు ఇంకెంత పడాలని జనానికి అప్పుడే గురి కుదిరింది. ఆ తర్వాత ప్రకటనలకు ఖర్చు పెట్టనక్కర్లేకపోయింది.

కుట్టు టీచరమ్మ సంగతి కూడా ఆయనే చెప్పారు. ఆవిడకు కుడిచెయ్యి పడిపోయింది. ఎడంచేత్తో చెక్కు మీద సంతకం చేసి పంపితే కొత్త గుమాస్తా తిప్పి పంపాడు. బాబాయిగారు సంతకాల కార్డు జేబులో పెట్టుకుని వాళ్లింటికి వెళ్లారు.

"సంతకం మారిందేంటమ్మా?"

"చెయ్యి మారింది బాబూ. నేను మారలేదు."

ఆయన ఆవిడ మొహంలోకి చూశారు. కొత్త కార్డు మీద ఎడంచేతి సంతకం తీసుకుని, పక్కన 'ఈమె ఆమే' అని రాసి తన సంతకం పెట్టారు. అంతే. ఆవిడ పోయేదాకా ఆ కార్డుకు తిరుగులేదు.

ఇలాంటివన్నీ గుదిగుచ్చితే మూడు వందల పేజీలయ్యాయి. సరిగ్గా అచ్చుకు వెళ్లే వారంలో మన బ్యాంకును ఒక పెద్ద బ్యాంకు కలిపేసుకుంది. "మీ చరిత్ర మా చరిత్రే. ముప్ఫై పేజీలకు కుదించండి" అన్నారు కొత్తవాళ్లు. కుదించాను. గొడుగుల కొట్టు పోయింది, ఇనప్పెట్టె మిగిలింది. నాలుగేళ్లకు ఆ పెద్ద బ్యాంకును మహా పెద్ద బ్యాంకు కలిపేసుకుంది. ఇప్పుడు వాళ్ల వెబ్‌సైట్‌లో మన బ్యాంకు గురించి ఒకే ఒక్క వాక్యం ఉంది. అందులోనూ ఒక అచ్చుతప్పు!

పాఠకులకు ఎంత మేలు జరిగిందో గమనించారా? మూడు వందల పేజీలు చదివే బాధ తప్పింది.

మేలు అక్కడితో ఆగిందా? ఎనిమిది అంకెలున్న నా ఖాతా నంబరు పదకొండయింది, ఆపైన పదహారయింది. డబ్బు అంతే ఉన్నా నా హోదా రెట్టింపైందా లేదా? మూడు యాప్‌లు ఫోనులోకి దిగాయి. చోటు చాలక పెళ్లి ఫోటోలు తీసేశాను. మా ఆవిడ రెండ్రోజులు మాట్లాడలేదు. ఇంట్లో అంత ప్రశాంతత ఏ బ్యాంకు వడ్డీగా ఇస్తుంది చెప్పండి?

ఇక బాబాయిగారికి జరిగిన మేలు వినండి.

పింఛను తీసుకునేవాళ్లు ఏడాదికోసారి వెళ్లి, బతికే ఉన్నామని సంతకం పెట్టాలి. ఈ ఏడు బాబాయిగారు పెట్టారు. పింఛను ఆగిపోయింది. రెండు నెలలు చూశారు. మొహమాటస్థుడు, ఎవరికీ చెప్పలేదు. పిన్నిగారు తన గుండె మాత్రల్ని సగానికి విరుచుకుని వేసుకుంటున్నారని మా ఆవిడ కనిపెట్టి నాతో చెప్పింది. మర్నాడు పొద్దున్నే ఆయన్ని వెంటబెట్టుకుని నేనే బ్రాంచికి వెళ్లాను.

కౌంటర్లో ఉన్న అమ్మాయి మర్యాదస్తురాలే. మొహం మాత్రం కంప్యూటర్ తెరకేసి ఉంది.

"సంతకం మ్యాచ్ కావట్లేదు అంకుల్."

"చెయ్యి వణుకుతోందమ్మా."

"వణుకు సిస్టమ్‌కి తెలీదు అంకుల్. వేలిముద్ర వేయండి."

వేశారు. ముప్ఫై ఎనిమిదేళ్లు కాగితాలు తిరగేసిన వేళ్లు. గీతలు ఏనాడో అరిగిపోయాయి. యంత్రం ఎర్రదీపం చూపించింది. పది వేళ్లకూ పదిసార్లు చూపించింది.

"మీరు మీరేనని ఎవరైనా ధ్రువీకరించాలి అంకుల్."

"ఎవరు చెయ్యాలమ్మా?"

అమ్మాయి ఫారం తిరగేసి చదివింది. "మీ పాత బ్యాంకులో సంతకాలు చూసే అధికారి. కింద ఆ గడిలో."

బాబాయిగారు నాకేసి చూశారు. నేను నేలకేసి చూశాను.

"ఆ అధికారిని నేనేనమ్మా."

"ఇంకేం, పెట్టేయండి మరి."

ఆయన కళ్లజోడు సర్దుకుని కింది గడిలో సంతకం పెట్టారు. అదీ వణికింది. అమ్మాయి ముద్ర గుద్దేసింది.

"దీన్ని సరిచూడవా తల్లీ?"

"దేంతో సరిచూడను అంకుల్? ఆ బ్యాంకు రికార్డులు లేవుగా."

అర్థమైందా? బతికున్న మనిషి సంతకం చెల్లలేదు. చచ్చిపోయిన బ్యాంకు అధికారి సంతకం చెల్లింది!

మేం లేవబోతుంటే వెనక బెంచీ మీంచి ఒక ముసలావిడ ఫారం పట్టుకుని వచ్చింది. "బాబుగారూ, నాది కూడా ఆగిపోయింది. మీరు ఆ సంతకాలాయన కదూ?"

బాబాయిగారు ఆవిణ్ణి తేరిపార చూశారు. "మీ ఆయన రంగుల కొట్టులో పనిచేసేవాడు. సంతకంలో దీర్ఘం గీత దాటించేవాడు. నేను కోప్పడేవాణ్ణి."

"చివరిదాకా దాటించాడండీ" అందావిడ నవ్వుతూ.

ఆయన బెంచీ మీద కూర్చుని సంతకం పెట్టారు. ఆవిడ వెనక ఇంకొకరు, వాళ్ల వెనక ఇంకొకరు. ప్రతివాళ్లనీ ఇంటి సంగతి అడగడం, మొహం చూడటం, పెట్టడం. ఒకతన్ని మాత్రం ఎంత చూసినా పోల్చుకోలేక ఫారం తిరిగి ఇచ్చేశారు.

"పెడితే ఏం పోయిందండీ? వాళ్లెలాగూ చూడరు" అన్నాడతను.

"నేను చూస్తాగా."

చివరికి రంగుల కొట్టావిడ, అతను తన వియ్యంకుడి తమ్ముడని పూచీ పడింది. అప్పుడు పెట్టారు. మేనేజరు గదిలోంచి వచ్చాడు, తిడతాడేమో అనుకున్నాను. వరస కరిగిపోతోందని సంతోషించి చేతుల కుర్చీ వేయించాడు, మంచినీళ్లు తెప్పించాడు. మధ్యాహ్నం దాకా, మహా పెద్ద బ్యాంకు హాల్లో ఒక మూల, మన బ్యాంకు నడిచింది. నేనందులో చరిత్రకారుడి పని మానేసి గుమాస్తాగా ఫారాలు అందించాను.

వారం తిరక్కుండా బాబాయిగారి పింఛను పడింది. పిన్నిగారు మాత్రలు నిండుగా వేసుకుంటున్నారు.

ఒక్క పూటలో అన్ని ఫారాలు ఎలా పాసయ్యాయని హెడ్డాఫీసుకు అనుమానం వచ్చింది. విచారణ జరిగింది, లోపం దొరికింది, సరిదిద్దారు. కొత్త ఫారంలో ఆ కింది గడి లేదు. వచ్చే ఏడు నుంచి కెమెరా ముందు కూర్చుని, అది చెప్పినప్పుడు కళ్లార్పాలట. ముందుగా ఆర్పినా ఒప్పుకోదు, ఆలస్యంగా ఆర్పినా ఒప్పుకోదు. బాబాయిగారు అద్దం ముందు సాధన మొదలుపెట్టారు. పిన్నిగారు పక్కన నిలబడి "ఊఁ, ఇప్పుడు" అంటున్నారు.

నేను దీన్ని కూడా మేలుగానే భావిస్తున్నాను. మనిషిని గుర్తుపట్టడానికి మరో మనిషి ఉండాలన్న ఆ ఒక్క పాత ఇబ్బందీ, దాంతో తీరిపోయింది.